అక్క ఆగే చోటు

పరుపుల కొట్టు వెనక గదిలో తయారయ్యే ఆల్బం ఏపాటిదై ఉంటుందిలే అని మొదట్లో నవ్వనివాళ్లు లేరు. నవ్వరూ మరి? ముందు గదిలో బావ దూది పరుపు మంచిదా, స్పాంజి పరుపు మంచిదా అని వచ్చినవాళ్లకి ఓపిగ్గా పాఠం చెబుతుంటే, వెనక గదిలో అక్కాచెల్లెళ్లు పాటలు చేసేవాళ్లు. అమ్ముడుపోని స్పాంజి పలకలన్నీ ఆ గది గోడలకి అతికించేశాడు బావ. తలుపు వేస్తే వీధి గోల లోపలికి రాదు, లోపలి గోల వీధిలోకి పోదు. "నా సరుకు ఇంత బాగా పనికొచ్చిన చోటు ఇంకోటి లేదు," అని వచ్చినవాళ్లందరికీ చెప్పుకునేవాడు పాపం.

చెల్లెలిది మిషన్ల పని. టెక్నో అనే మిషను సంగీతం అంటే చెవి కోసుకునే మనిషి. ఆగకుండా, తడబడకుండా, ఎవరి కోసమూ ఎదురుచూడకుండా సాగిపోయే ఆ దరువు వింటే ఆమెకి ఒంట్లోకి ప్రాణం వచ్చినట్టుండేది. ఇంట్లో అందరూ ఆమెని గడియారం అనేవాళ్లు. అన్నం తింటూ కూడా కంచం అంచు మీద వేలితో కొడుతూ కూర్చుంటే అనక ఏం చేస్తారు?

అక్కది గొంతు. ఆవిడ ఎక్కడికీ వేళకి రాదు, పాటలోకి కూడా అంతే. దరువు పడ్డాక రవ్వంత ఆగి, అప్పుడు అందుకునేది మాట. ఎంత ఆగుతుందో ముందుగా ఎవరూ చెప్పలేరు. ఒక మాటకి ఒక రకంగా, ఇంకో మాటకి ఇంకో రకంగా. "ఎందుకే ఆ నిదానం, బండి పోతోంది ఎక్కవే," అని చెల్లెలు మిషన్ల వెనక నుంచి చేతులు ఊపేది. "పోనీవే. నడిచొస్తాను," అనేది అక్క. ఈ ఒక్క విషయం మీద ఇద్దరూ పోట్లాడుకున్నంతగా ఆస్తుల మీద కూడా ఎవరూ పోట్లాడుకుని ఉండరు.

వాళ్లిద్దరికీ ఒక నియమం ఉండేది, అది అక్క పెట్టిందే. అంతకుముందు మొదలుపెట్టిన ఆల్బం ఒకటి అతీగతీ లేకుండా పోయింది. చెల్లెలు ప్రతి పాటకీ అక్క పాడిన టేకుల మీద టేకులు దాచుకుని, ఇది బాగుందా, అది బాగుందా అని ముందుకీ వెనక్కీ తిరుగుతూ ఒక్క పాటనీ తెమల్చలేకపోయింది. చివరికి అక్కకి ఒళ్లు మండింది. "పాట ఖాయం అనుకున్నావా, మిగతావన్నీ చెరిపెయ్. కావాలంటే రేపు మళ్లీ పాడతాను. నా గొంతేమన్నా అరువు తెచ్చుకున్నానా?" అంది. అప్పటినుంచి అదే పద్ధతి. పాట కుదరగానే పాత టేకులు చెరిపేయడం చెల్లెలికి, బయటికెళ్తూ లైటు ఆర్పినంత అలవాటైపోయింది. పని కూడా సాగింది. రెండు పాటలు బయటికొచ్చాయి, నలుగురూ విన్నారు, పాటల కంపెనీ ఆయనొకడు వెతుక్కుంటూ పరుపుల కొట్టుకొచ్చి మొత్తం ఆల్బమే చేసిపెట్టమన్నాడు.

సరిగ్గా అప్పుడే అక్క గొంతు బొంగురుపోయింది. జలుబన్నారు, ఎండదెబ్బన్నారు, ఎవరికి తోచిన కషాయం వాళ్లు చెప్పారు. డాక్టరు గారు మాత్రం కషాయాల దాకా పోలేదు. గడ్డ ఉంది, స్వరపేటిక మొత్తం తీసేయాలి, ప్రాణానికి భయం లేదు, మాట మాత్రం ఉండదు అన్నారు. బావ ఆ సాయంత్రం కొట్టులో పేర్చిన పరుపుల వెనక కూర్చుని వెక్కి వెక్కి ఏడ్చాడు. అక్క ఏడవలేదు. ఆపరేషనుకి ఎన్నాళ్లు ఆగొచ్చో డాక్టరు గారిని అడిగి తెలుసుకుని, వచ్చి వెనక గదిలో మైకు ముందు కూర్చుంది.

"పట్టవే గడియారం. ఉన్నదంతా పాడేస్తాను," అంది.

అలా పాడింది. రోజూ మధ్యాహ్నం, కొట్టుకి బేరాలు తగ్గే వేళ. రెండు లైన్లు పాడితే ఆయాసం. గుక్కకి గుక్కకి మధ్య ఊపిరి బరబరమని మైకులోకి వచ్చేసేది. నిదానం మరీ ఎక్కువైంది. "వాన వెలిసింది, ఇంటికి పోదాం" అని ఒక పాట. వాన వెలిసింది అన్నాక, ఇంటికి అనే మాట కోసం దరువు ఎదురుచూసి ఎదురుచూసి దాటిపోయేది. ఇక రాదేమో అని చెల్లెలు తల పైకెత్తేసరికి అప్పుడొచ్చేది ఆ మాట, అరిగిపోయిన గొంతుతో.

చివరి పాట అయ్యాక అక్క హెడ్‌ఫోన్ తీసి ఒళ్లో పెట్టుకుంది. "ఒక్క మాటే. నా గొంతు నీ దగ్గర పెట్టి వెళ్తున్నా. జాగ్రత్త. తర్వాత ఎప్పుడన్నా వినాలనిపిస్తుంది కదా, నేనెలా పాడేదాన్నో."

"ఎక్కడికి పోతుందే, ఇక్కడే ఉంటుంది," అంది చెల్లెలు, కళ్లు తెర మీద నుంచి తిప్పకుండా. తిప్పితే ఏడుస్తానని ఆమెకి తెలుసు.

అక్క ఆస్పత్రిలో ఉన్నన్నాళ్లూ చెల్లెలు పొద్దున అక్క దగ్గర కూర్చుని, మధ్యాహ్నానికి స్పాంజి గదిలో పడేది. అక్కడ ఏడవాల్సిన పని లేదు, చేతినిండా పని ఉంది. తెర మీద నిలువు గీతలుంటాయి, దరువు సరిగ్గా ఆ గీతల మీద పడుతుంది. అక్క మాటలు ఒక్కటీ గీత మీద లేవు. అన్నీ వెనక ఎక్కడో ఉన్నాయి. కంపెనీ ఆయన అప్పటికే రెండుసార్లు ఫోన్ చేసి, "గొంతు బీట్ మీద కూర్చోవాలమ్మా, లేకపోతే జనం ఆడలేరు," అని చెప్పాడు. ఆయన చెప్పాడని కాదు. ఆ ఊపిరి తట్టుకోలేకపోయింది చెల్లెలు. వినేవాళ్లు అయ్యో పాపం అనుకుంటారని, తన అక్క మీద ఎవరూ జాలిపడకూడదని, ఊపిరి వినిపించిన చోటల్లా కత్తిరించింది. జీర ఉన్న చోటల్లా నునుపు చేసింది. ఒక్కో మాటనీ పట్టుకుని ముందుకి జరిపి గీత మీద కూర్చోబెట్టింది. ఏ మాటని ఎంత జరపాలో ఆమె వేళ్లకి వచ్చేసింది. ఒంట్లో బాగాలేని మనిషికి తల దువ్వి మంచి చీర కట్టినట్టే అనుకుంది. అంతకన్నా చెడు ఆలోచన ఆమె మనసులో ఏ మూలా లేదు.

పాటలన్నీ కుదిరాయి. మెరుస్తున్నాయి. ఆఖరి పాట కూడా ఖాయం అనుకున్న క్షణంలో, పాత టేకులు చెరిపేయమంటారా అని మిషను అడిగింది. వేలు దానంతటదే అవునని నొక్కింది. చెల్లెలు లేచి, మెడ విరుచుకుని, బావకి టీ పెట్టడానికి వెళ్లింది.

అక్క ఇంటికొచ్చింది, మెడ చుట్టూ మెత్తటి గుడ్డతో. మాట లేదు, గుసగుస కూడా లేదు. పెదవులు కదిపితే చెల్లెలికి అర్థమయ్యేది. చిన్నప్పుడు క్లాసులో దూరంగా కూర్చుని అలాగే మాట్లాడుకునేవాళ్లు కాబట్టి అది కొత్త విద్యేం కాదు. ఆల్బం మొత్తం విని, బాగుందని తల ఊపింది. తర్వాత పెదవులు కదిపింది. "నేను పాడినవి దాచావుగా?"

అప్పుడు గుర్తొచ్చింది చెల్లెలికి. "ఆఁ, ఉన్నాయి," అంది.

మర్నాడు మిషను చంకలో పెట్టుకుని రిపేర్లు చేసే ఆయన దగ్గరికి పరుగెత్తింది. ఆయన చూసినంత సేపు చూసి, "వాటి మీద కొత్తవి ఎక్కేశాయమ్మా, ఇక రావు," అన్నాడు. బావ ఫోన్ వెతికింది. అందులో అక్క మాటలున్నాయి, వచ్చేటప్పుడు సబ్బు తెండి, ఎక్కడున్నారు, తలుపు గడియ పెట్టారా అని. పాట లేదు. ముందు విడుదలైన రెండు పాటలూ చెల్లెలి కత్తెర పడినవే. అక్క పాడినట్టుగా అక్క పాట ఈ లోకంలో ఎక్కడా లేదు. ఆ సంగతి తెలిసిన మనిషి చెల్లెలొక్కతే. చెబుదామని వెళ్లడం, నీళ్లు నమిలి తిరిగి రావడం, ఇదే పనైపోయింది.

విడుదల ఒక ఆదివారం మధ్యాహ్నం పెట్టారు, పాత గోడౌన్‌ని హాలుగా మార్చిన చోట. జనం బాగానే వచ్చారు. కంపెనీ ఆయన అక్క చేతులు పట్టుకుని, "మీరు స్టేజి మీద నిలబడి పెదవులు కదిపితే చాలమ్మా, మిగతాది పాట చూసుకుంటుంది," అన్నాడు. ఒకసారి ముందుగా చేసి చూద్దామా అని చెల్లెలు అడిగితే అక్క నవ్వింది. "నా పాటకి నాకు రిహార్సలేంటే?" అన్నాయి పెదవులు.

మిషన్ల వెనక నిలబడి చెల్లెలు దరువు వదిలింది. హాలంతా ఒక్కసారిగా కదిలింది. అక్క లైటులోకి వచ్చి, కళ్లు మూసుకుని, పెదవులు విప్పింది.

పాట ముందు వచ్చేసింది. అక్క పెదవులు వెనక వచ్చాయి.

చెల్లెలు మొదట లైటు వల్ల అలా కనిపిస్తోందేమో అనుకుంది. కాదు. అక్క తన పద్ధతిలో ఆగి ఆగి పాడుతోంది, శబ్దం లేకుండా. ఆవిడ నోరు తెరిచేసరికి ఆవిడ గొంతే మాట అనేసి వెళ్లిపోతోంది. రెండో లైనుకి అక్క కళ్లు తెరిచింది. మూడో లైనుకి తొందరపడింది. పుట్టి బుద్ధెరిగి ఎన్నడూ తొందరపడని మనిషి తన పాటని తనే అందుకోవాలని పరుగెత్తుతోంది. చెల్లెలి చెయ్యి దానంతటదే ముందుకెళ్లింది. గొంతున్న ట్రాకుని రవ్వంత వెనక్కి లాగింది. ఒక మాట కలిసింది. తర్వాతి మాట కలవలేదు. ఇంకొంచెం లాగింది. ఇప్పుడు పెదవులు ముందైపోయాయి. అక్క అన్ని చోట్లా ఒకేలా ఆగేదైతే కదా, లాగితే కుదరడానికి! కంపెనీ ఆయన అటునుంచి ఏంటమ్మా అన్నట్టు చెయ్యి తిప్పాడు. చెల్లెలు గొంతుని మళ్లీ గీత మీదకే వదిలేసింది.

"వాన వెలిసింది" దగ్గర అక్క నోరు మూసుకుంది. మిగతా పాటంతా అలాగే నిలబడి, హాల్లో జనంలాగే తనూ వింది. అదీ ఒక పద్ధతే అనుకుని జనం ఇంకా గట్టిగా చప్పట్లు కొట్టారు.

స్టేజి వెనక గదిలో ఒక అద్దం, నాలుగు ప్లాస్టిక్ కుర్చీలు ఉన్నాయి. చెల్లెలు వెళ్లేసరికి అక్క ఒక కుర్చీలో కూర్చుని ఉంది.

"అక్కా, నీవి లేవే. చెరిపేశాను. నిన్ను జరిపి జరిపి, అంతా అయ్యాక చెరిపేశాను. ఉన్నాయని అబద్ధం చెప్పాను," అంది చెల్లెలు. గుక్క తిప్పుకోకుండా అనేసింది.

"అన్నీనా?" అన్నాయి పెదవులు.

"అన్నీ."

అక్కకి కోపం వస్తే బాగుండునని చెల్లెలు కాచుకుని నిలబడింది. రాలేదు. ఆపరేషనుకి ముందు కూడా ఏడవని మనిషి ఇప్పుడు ఏడ్చింది. ఏడుపులో కూడా శబ్దం లేదు, భుజాలు మాత్రం కదిలాయి. "చెరిపెయ్యమని నేనే కదే చెప్పింది," అని పెదవులు అన్నప్పుడు చెల్లెలు ఆ మాట చదవకుండా ఉంటే బాగుండేది. బావ తలుపు తోసుకుని, "బయట జనం మీకోసం..." అంటూ వచ్చి, ఇద్దరి మొహాలూ చూసి, మళ్లీ తలుపు మెల్లగా వేసేసి వెళ్లిపోయాడు.

అక్క కొంగుతో మొహం తుడుచుకుంది. పక్కనున్న కుర్చీ దగ్గరికి లాగి, కూర్చోమని సైగ చేసింది.

"నువ్వు పాడు," అన్నాయి పెదవులు.

"నాకెక్కడొచ్చే పాడటం?"

"నేనెలా పాడానో నీకే కదా తెలుసు. ఒక్కో మాటనీ చేత్తో జరిపింది నువ్వే."

నిజమే. ఇంకెవరికీ తెలియదు. చెల్లెలు గొంతు సవరించుకుంది. ఆమెకి శ్రుతి లేదు, గాత్రం లేదు, ఏడ్చి ఏడ్చి ముక్కు దిబ్బడేసి ఉంది. అక్క ఆమె మోకాలి మీద దరువు వేయడం మొదలుపెట్టింది. చెల్లెలు పాడింది. వాన వెలిసింది. అక్క చెయ్యెత్తి ఆగమంది. చెల్లెలు ఆగింది. ఇంకా ఆగమంది. ఆగింది, ఊపిరి బిగపట్టుకుని, పళ్లు బిగించుకుని, తనకి చేతనైనంత సేపు ఆగి, ఇంటికి అంది.

అక్క తల అడ్డంగా ఊపింది. ముందే వచ్చేశావు, మళ్లీ పాడు, అన్నాయి పెదవులు.

చెల్లెలు మళ్లీ మొదలుపెట్టింది. మళ్లీ ముందే వచ్చేసింది.