ఒడీల్‌కు ఒక పేజీ మాటలు

నలభై ఏళ్ళుగా సినిమాలకు కథలు రాస్తున్నాను. బడికి వెళ్ళింది మూడేళ్ళే. తరవాత నాన్న సరుకు పడవ మీద పని. అందుకే నా కాగితాల్లో మాటలు తక్కువ. మొన్నటి దాకా ఎవరూ దాన్ని తప్పు పట్టలేదు.

ఈ కథ నటి ఒడీల్ కోసం రాశాను. ఆమెకు ఎనభై రెండు. మోకాళ్ళు పోతున్నాయి. ఈ వేసవి దాటితే కెమెరా ముందు నిలబడలేదు. కథ ఇంతే: కాలువ లాకు దగ్గర ఒంటరిగా ఉండే ముసలామె. పంతొమ్మిదేళ్ళ కిందట వెళ్ళిపోయిన మొగుడు తిరిగొస్తాడు. ఆమె బీన్స్ ఈనెలు తీస్తూ ఉంటుంది. ఏమీ అనదు. లేచి రెండో కంచం పెడుతుంది.

సర్కారు సాయం లేకుండా ఇలాంటి సినిమా లేవదు. సాయం కావాలంటే కథతో పాటు, అది ఎందుకు రాశామో చెప్పే కాగితం ఇంకొకటి పెట్టాలి. ఎందుకేమిటి, ఒడీల్ కోసం. అదే రాసిస్తే మా నిర్మాత బెర్తీయ్ తల పట్టుకుంది.

"ఒక్క లైనేంటి పెద్దాయనా? నవ్వుతారు. ఇటివ్వండి, నేను రాస్తా."

ఇరవై పేజీలు రాసింది. మౌనం ఒక దేశమట. కాలువంటే కాలమట. కథ నాదే, నాకే అర్థం కాలేదు.

పారిస్‌లో ఆ సాయం ఇచ్చే సంఘం ముందు కూర్చున్నాం. ఏడుగురు. అధ్యక్షురాలు కళ్ళద్దాలు తీసింది.

"మీ కాగితం అద్భుతమండీ. కథే దానికి తగ్గట్టు లేదు. లోపల అంత గొడవ ఉన్న మనిషి, మొగుడు రాగానే ఒక్క మాటా అనదేం?"

"చేతిలో బీన్స్ ఉన్నాయి," అన్నాను.

"అది సమాధానం కాదు కదండీ."

"ఆమె సమాధానం అదే."

బెర్తీయ్ బల్ల కింద నా కాలు తొక్కింది. కాగితానికి తగ్గట్టు కథ తిరగరాసి నెల రోజుల్లో ఇస్తే సాయం అన్నారు. లేదంటే వచ్చే ఏడాది రమ్మన్నారు.

ఒడీల్ ఇంటికి వెళ్ళి చెప్పాను. సూప్ తాగుతోంది.

"ఒక పేజీ మాటలు రాసి వాళ్ళ మొహాన కొడతాను. సాయం వచ్చాక తీసేస్తా. నువ్వేం అనక్కర్లేదు."

"ముందు రాయి," అంది.

రాశాను. పంతొమ్మిదేళ్ళ తిట్లు, పేజీ నిండా. సాయం వచ్చింది.

జూన్‌లో లాకు దగ్గర షూటింగ్. రచయిత సంతకం లేకుండా ఒక్క మాటా తీసేయకూడదు కాబట్టి కలం పట్టుకుని నేనే వెళ్ళాను. పేజీ కొట్టేయబోతే ఒడీల్ అరచెయ్యి అడ్డం పెట్టింది.

"చెయ్యి తియ్యి. బట్టీ పట్టాను."

"నీ కోసమే మాటల్లేకుండా రాశాను కదా."

"అదేగా నా ఏడుపు. నీ సినిమాలు పదకొండు చేశాను. గిన్నెలు తోమించావు, కిటికీలోంచి చూడమన్నావు. ఒక్క పేజీ మాటలిచ్చావా ఎప్పుడైనా, మొండి ముసలోడా? చచ్చేలోపు ఒక్కసారి నన్ను నోరు తెరవనీ."

కలం జేబులో పెట్టుకున్నాను.

ఒక్క ముక్క వదలకుండా అంతా అంది. చెడ్డ పేజీ. ఇప్పటికీ అదే అంటాను. దర్శకుడు చాలన్నాడు. ఒడీల్ మాత్రం ఇంకోసారి చేస్తానంది.