మానికెడు తవుడు

నేను ఒక ఇత్తడి మానికను. కిలోల కాలంలో పుట్టినవారి కోసం చెబుతున్నాను: బియ్యం, చోళ్ళు, ఉలవలు కొలవడానికి ఒకప్పుడు ఇంటింటా ఉండే పాత్రను. రెండు తవ్వలు కలిస్తే నేను, నాలాంటివి రెండు కలిస్తే అడ్డ. శ్రీకాకుళం వైపు బుడితిలో ఒక కంచరి నన్ను పోతపోశాడు. మూతి చుట్టూ రెండు గీతలు పెట్టి, వేలితో కొట్టి, చెవి దగ్గర పెట్టుకుని మోత విని, "పరవాలేదు" అన్నాడు. నాకంటే ముందు చేసిన చెంబును మాత్రం "బంగారంలా వచ్చింది" అన్నాడు. ఆ చెంబు మీద నాకు ఇప్పటికీ కోపమే. ముందే ఒప్పుకుంటున్నాను, నాకు అసూయ ఎక్కువ. దాన్ని దాచుకుని మంచిదాన్ని అనిపించుకునే ఓపిక నాకు లేదు.

దాలమ్మ పెళ్ళికి పుట్టింటివారు నన్ను సారెలో పెట్టారు. అత్తవారింట నా పని కొలవడం. కొలుస్తూ కొలుస్తూ మనుషులను బాగా చదివాను. తమ గాదెలోకి పోసుకునేటప్పుడు నా తల మీద గోపురం కడతారు. ఇంకొకరికి పోసేటప్పుడు ఆ గోపురాన్ని అరచేత్తో నున్నగా తుడిచేస్తారు. చెయ్యి అదే, మానిక అదే, మొహం కూడా అదే. దాలమ్మ ఒక్కతే ఎవరికి పోసినా గోపురంగానే పోసేది. అందుకు అత్తగారి చేత తిట్లు తినేది. ఆ తిట్లలో నా ప్రస్తావన కూడా వచ్చేది కనుక నేను శ్రద్ధగా వినేదాన్ని.

నా జీవితంలో గొప్ప రోజు ఒకటుంది. పక్కింటి పారమ్మకు వరసగా ముగ్గురు బిడ్డలు పుట్టి, నెల తిరక్కుండా పోయారు. నాలుగోసారి ఆడపిల్ల. మా వైపు ఇలాంటప్పుడు ఒక పద్ధతి ఉంది. పిల్లను చేటలో పడుకోబెట్టి పెంటకుప్ప పక్కన పెట్టారు. దాలమ్మ నన్ను చంకన పెట్టుకుని, ఏమీ ఎరగనట్టు ఆ దారిన వచ్చింది. ముందు రోజే ఇద్దరూ మాట్లాడుకున్న సంగతి అది.

"ఎవులి గుంటే ఇది? అమ్ముతారేటి?" అంది.

"ఏటిచ్చినా సరే, పట్టుకుపో," అంది పారమ్మ, మొహం అటు తిప్పుకుని.

"మానికెడు తవుడిస్తాను."

అలా నా నిండా గోపురంగా పోసిన తవుడు ఇచ్చి దాలమ్మ ఆ పిల్లను కొన్నది. కొని, పెంచమని మళ్ళీ పారమ్మ చేతికే ఇచ్చింది. తవుడుకు అమ్ముడుపోయిన పిల్ల మీద మృత్యువు కూడా కన్నెయ్యదని నమ్మకం. మృత్యువును ఇంత చవగ్గా బోల్తా కొట్టించవచ్చనుకునే ధైర్యం మనుషులకే ఉంటుంది. ఏమైతేనేం, పిల్ల బతికింది. తవిటమ్మ అని పేరు పెట్టారు. ఆ పేరు నా కడుపులోంచి వచ్చింది. బంగారంలాంటి చెంబులు ఎన్ని ఉంటేనేం, ఒక మనిషికి పేరు పెట్టిన చెంబు ఒక్కటి ఉంటే చూపించండి.

తవిటమ్మ కన్నతల్లిని పిన్నీ అనీ, దాలమ్మను అమ్మా అనీ పిలుస్తూ పెరిగింది. బడికి మూడేళ్ళే వెళ్ళింది. "తవుడూ తవుడూ, గేదె పిలుస్తంది, ఎల్లవే," అని పిల్లలు వెంటపడేవారు. ఇంటికొచ్చి దాలమ్మ పెరట్లో నన్ను బోర్లించి, నా ఎదురుగా నిలబడి, చేతిలో కందిపుల్ల పట్టుకుని, "నాను విమల టీచర్ని, నువ్వు ఎక్కాలు అప్పసెప్పు," అనేది. ఆ విమల ఎవరో, ఆ పేరు ఎక్కడ విన్నదో నాకు తెలియదు. నేను ఒక్క ఎక్కమూ అప్పజెప్పలేదు. నేనిచ్చిన పేరు ఉండగా ఇంకో పేరు పెట్టుకున్న పిల్లకు ఏం అప్పజెబుతాను? నాలుగో తరగతికి ఆమె వెళ్ళనే లేదు.

ఆమె పెళ్ళికి దాలమ్మ, తన కోడళ్ళు ఇద్దరూ చూస్తుండగా, నన్ను తీసి తవిటమ్మ ఒళ్ళో పెట్టింది. ఆ ఊళ్ళోనే ఉన్న ఆమె అత్తవారింటికి వచ్చేసరికి నాకు పని పోయింది. సరుకులన్నీ ప్యాకెట్లలో వస్తున్నాయి. నన్ను గోడ అరలో పెట్టి నా కడుపులో కార్డులు వెయ్యడం మొదలుపెట్టారు. రేషన్ కార్డు, ఓటరు కార్డు, ఆధార్, బ్యాంకు పుస్తకం. ఏ ఆఫీసరు గుమ్మంలోకి వచ్చినా తవిటమ్మ పరుగున వచ్చి ఆ కార్డులను తీసి, చీర చెంగుతో ఒక్కొక్కదాన్నీ తుడిచి చూపించేది. నన్ను చింతపండుతో తోమి ఎన్నేళ్ళయిందో ఎవరికీ గుర్తు లేదు. నా ఇంట్లో ఉంటూ నన్ను అద్దెకున్నదాన్ని చేసిన ఆ అట్టముక్కలను చూస్తే ఒళ్ళు మండేది. ఒక్కటే ఓదార్పు. వాటన్నిటి మీదా నేను పెట్టిన పేరే ఉంది.

ఆ ఓదార్పు కూడా తవిటమ్మ నలభై ఒకటో ఏట పోయింది.

ఆమె అప్పటికి ఊళ్ళో అంగన్‌వాడీ సెంటరులో ఆయా. అక్కడి టీచరమ్మ పట్టుబట్టి ఆమె చేత దూరవిద్యలో పదో తరగతి కట్టిస్తానంది. దరఖాస్తుకు నవంబరు నెలాఖరు గడువు. ఆధార్‌లో ఏ పేరుంటే అదే రాయాలట. పదో తరగతి సర్టిఫికెట్టులో పడిన పేరు ఇక జన్మలో మారనట్టేనట. ఆ సాయంత్రం తవిటమ్మ మొగుడితో ఆ మాట చెప్పి, "నాను పేరు మార్పించుకుంతాను," అంది.

"నలబయ్యేళ్ళు నేని బరువు ఇప్పుడొచ్చిందేటి?" అన్నాడు అసిరినాయుడు.

"మూడో తరగతి కాడ నన్ను ఆపీసింది ఆ పేరే. పదో తరగతిల మళ్ళీ దాన్నే ఎక్కిస్తే నాను అక్కడే ఉండిపోతాను," అంది.

అసిరినాయుడు మర్నాడే ఆమెను సైకిలు మీద ఎక్కించుకుని నోటరీ దగ్గరకు తీసుకెళ్ళాడు. నాకు మాత్రం నిద్ర పట్టలేదు. విమలట, విమల! ఏ తవుడు ఇచ్చి కొన్నారు దాన్ని? ఎవరి ప్రాణం కాపాడింది అది? ముప్పై ఏళ్ళు నోరెత్తకుండా పడి ఉండి, ఇప్పుడు తయారుగా వచ్చి పీట మీద కూర్చుంటానంటుందా?

కాగితాలు ఒక్కొక్కటే నా కడుపులోకి రాసాగాయి. మొదట అఫిడవిట్. తర్వాత రెండు పత్రికల్లో పడిన చిన్న ప్రకటన ముక్కలు. తవిటమ్మ అనే నేను ఇకమీదట విమలగా పిలవబడుదును అని అందులో ఉంది. అది చదివి ఊళ్ళో ఒక్కరైనా ఆమెను విమలా అని పిలిస్తే ఒట్టు. ఇక గెజిట్‌కు పంపాలి. గెజిట్ అంటే ప్రభుత్వం అచ్చువేసే పత్రిక. అందులో పడితే తప్ప ఆధార్‌లో పూర్తి పేరు మార్చరట. దానికి పంపే కాగితాలలో, తవిటమ్మా విమలా ఒకే మనిషి అని, పుట్టినప్పటి నుంచి ఎరిగినవారు ఒకరు సాక్షిగా వేలిముద్ర వెయ్యాలన్నారు మండలాఫీసులో. పారమ్మ పోయి పదేళ్ళయింది. మిగిలింది దాలమ్మ.

దాలమ్మ వెయ్యనంది. వెయ్యనంటే వెయ్యనంది.

నా సంతోషం ఏమని చెప్పను! నన్ను చంకన మోసిన మనిషి నన్ను మరిచిపోలేదు. నా తరఫున ఒక్కరైనా ఉన్నారు. తవిటమ్మ రెండుసార్లు వెళ్ళి బతిమాలి వచ్చింది. మూడోసారి వెళ్ళలేదు. పదో తరగతి పుస్తకాలను నా పక్కనే అరలో పెట్టేసి ముట్టుకోవడం మానేసింది. సెప్టెంబరు వెళ్ళిపోయింది. ఆ పుస్తకాల మీద దుమ్ము పడుతుంటే నాకు కొంచెం ఇబ్బందిగానే ఉండేది, కాని అసూయ ముందు ఇబ్బంది ఎంత?

ఒక పొద్దున్న దాలమ్మే కర్ర ఊతంగా వచ్చి మా అరుగు మీద కూలబడింది.

"నీ మీద కోపం కాదే," అంది. "ఆ పేరు తీసీసినావంటే పైనున్నోడికి గుర్తొచ్చీదా? ఓరి, ఈ గుంట నాకు తప్పిపోనాదే అనుకోడేటి?"

"నలబయ్యొక్క ఏళ్ళకి గుర్తొస్తే రానీయే అమ్మా. రాకుండా ఎలాగూ ఉండడు కదా."

దాలమ్మ కర్రను పక్కన పెట్టింది. అసలు మాట అప్పుడు బయటపడింది.

"కొడుకులిద్దర్నీ కన్నాను. నిన్ను కొనుక్కున్నాను. నువ్వు నా పిల్లవని సెప్పీది ఆ పేరొక్కటే కదే. అది కొట్టీస్తే నాను నీకేటవుతాను?"

అరలో ఉన్నదాన్ని ఉలిక్కిపడ్డాను. అది నా మాట. మూడు నెలలుగా నేను లోపల నూరుకుంటున్న మాట. ఆ ముసలామె నోట వినేసరికి నాకు సిగ్గేసింది. ఆమె సమయానికి మానికెడు తవుడు పోసి ఒక ప్రాణాన్ని నిలబెట్టిన మనిషి. ఆ మాట అనడానికి ఆమెకు హక్కుంది. నేను ఆ తవుడు మోసిన ఇత్తడి పాత్రను మాత్రమే.

తవిటమ్మ లేచి వచ్చి, నన్ను దించి, నా కడుపులో ఉన్న కార్డులన్నిటినీ చాప మీద గుమ్మరించింది.

"సూడు. ఇది రేషన్ కార్డు, ఇది ఓటు కార్డు, ఇది ఆధారు. తండ్రి పేరుంది, మొగుడి పేరుంది. నీ పేరెక్కడైనా ఉందేటి? ఒక్క కార్డులోనూ నేదు. ఏ కార్డు సెప్పిందని నిన్ను అమ్మా అంటన్నాను?"

దాలమ్మకు చదువు రాదు. అయినా ఒక్కొక్క కార్డునూ తీసి, కళ్ళకు దగ్గరగా పెట్టుకుని, వెనకా ముందూ తిప్పి చూసింది. అన్నీ చూశాక కొంగుతో ముక్కు తుడుచుకుంది.

"అయితే పద్ధతి ప్రకారం కానీయండి," అంది. "తవుడుతో వొచ్చిన పేరు తవుడుతోనే పోవాల. నా మానికెడు తవుడు నాకు తిరిగి కొలిసియ్యి."

మా ఇంట్లో తవుడెక్కడిది? మిల్లులో పట్టిన తవుడంతా లారీలెక్కి నూనె ఫ్యాక్టరీలకు పోతోంది. అసిరినాయుడు సైకిలు వేసుకుని మిల్లు దాకా వెళ్ళి, బట్టలకొట్టు సంచిలో మూడు కిలోలు పోయించుకొచ్చాడు. తవిటమ్మ నన్ను చింతపండు పెట్టి తోమింది. ఎన్నేళ్ళకో! తర్వాత నా నిండా తవుడు పోసి, పైన గోపురం కట్టింది. ఆ కమ్మటి వాసన, ఆ గోరువెచ్చని బరువు తగిలేసరికి నాకు ఏడుపొచ్చినంత పనైంది. నేనిచ్చిన పేరును చెరిపేసే పనికే నన్ను మళ్ళీ నింపారని తెలుసు. తెలిసి కూడా సంతోషించాను.

దాలమ్మ చేట పట్టింది. తవిటమ్మ నన్ను వంచి పోసింది. చివరికి వచ్చేసరికి దాలమ్మ చెయ్యి అడ్డం పెట్టింది.

"సాలు. కొలపాత్ర అడుగు బోడిగా ఉంచకూడదే. ఆ గుప్పెడూ అందులో ఉండనీ. అది నువ్వు ఇయ్యనూ వద్దు, నాను పుచ్చుకోనూ వద్దు."

తవుడంటిన ఆ బొటనవేలితోనే సాక్షి కాగితం మీద ముద్ర వేసింది. గీతల మధ్య రెండు తవుడు పొట్టులు నల్లగా అతుక్కున్నాయి. తీసెయ్యబోతే తవిటమ్మ వద్దంది.

ఆ సిగ్గు నాకు ఎంతోకాలం ఉందని అనుకోకండి. వారం తిరిగేసరికి పాత గుణం మళ్ళీ పైకొచ్చింది. ఇంకో మూడు వారాలకు గెజిట్ వచ్చింది. దానికి ప్లాస్టిక్ తొడుగు వేసి, దేవుడి పటానికి చూపించి మరీ నాలో పెట్టారు. నన్ను ఏ పటానికీ ఎవరూ చూపించలేదు. ఆధార్ సెంటరులో మొదటి రోజు తవిటమ్మ వేలిముద్రలు పడలేదు. అంట్లు తోమీ తోమీ గీతలు అరిగిపోయాయట. ఆ మాట విని నేను లోలోపల చిన్న గెంతు వేశాను. రెండోసారి పడ్డాయి. గడువు ఇంకా తొమ్మిది రోజులుందనగా కొత్త పేరుతో ఆధార్ మారింది. దరఖాస్తు వెళ్ళింది. తర్వాత బ్యాంకు పుస్తకం, రేషన్ కార్డు, ఓటరు కార్డు ఒక్కొక్కటే వెళ్ళి, విమల అని రాయించుకుని, పెళ్ళికొడుకుల్లా తిరిగి వచ్చి నా కడుపులో దిగాయి.

దిగాయి సరే, అడుగున నా గుప్పెడు తవుడు ఉంది కదా. ఏ కార్డును పైకి తీసినా దాని అంచున సన్నటి పొడి. చెంగుతో ఎంత తుడిచినా ఎక్కడో ఒకచోట మిగులుతుంది. అది చూసి నేను ఎంత మురిసిపోయానో చెబితే నవ్వుతారు.

ఊళ్ళో ఇప్పుడు సగం మంది ఆమెను విమలా అంటున్నారు. సెంటరు పిల్లలు విమలమ్మా అంటున్నారు. దాలమ్మ మాత్రం తవిటమ్మా అనే పిలుస్తుంది. ఆమె పలుకుతుంది. నేను ఆమెను ఏమని పిలవాలో ఇంకా తేల్చుకోలేదు.

మొన్న ఏప్రిల్‌లో మొదటి పరీక్ష. హాల్ టికెట్‌ను ముందు రోజే తెచ్చి నాలో పెట్టింది. పరీక్ష రాసి వచ్చి, చెప్పులు కూడా విప్పకుండా, అరుగు మీద కూర్చున్న దాలమ్మ దగ్గర చతికిలబడింది. తెలుగు పేపరు బాగా రాశానంది. దాలమ్మకు అది అక్కర్లేదు, అక్కడ ఏమన్నారో కావాలి.

"ఆ సారు నా హాల్ టికెట్ పుచ్చుకుని, పేరు సూసి, ఫోటో సూసి, ఇదేటమ్మా దీని నిండా పొడి అని దులపబోనాడే అమ్మా."

"మరేటన్నావే?"

"దులపకండి బాబూ, అది నా పాత పేరు అన్నాను."