రక్షణ పత్రం

శౌరమ్మ చిన్నప్పుడు సినిమాలో వేసింది. పెళ్లైన కొత్తలో ఈ మాట భర్త నతానియేలుతో నోరుజారి చెప్పింది. అంతే, కాఫీ ఆలస్యమైనప్పుడల్లా "హీరోయిన్ గారి మేకప్పు అవలేదా?" అని మొదలు. ఆ సినిమా చూసినవాడు ఒక్కడూ లేడు మరి.

వేసిన మాట మాత్రం నిజం. పాకిస్తాన్ యుద్ధం రోజుల్లో ప్రభుత్వం వాళ్లు చిన్న సినిమా తీయడానికి పామర్రు వచ్చారు. సైన్యానికి డబ్బు కావాలి, జనం రక్షణ పత్రాలనే బాండ్లు కొనాలి, అదీ కథ. రైతుగా శౌరమ్మ తండ్రి జక్కయ్యను నిలబెట్టారు. పత్రం ఆయన చేతికిచ్చి, "రక్షణ కొనుక్కో నాన్నా" అనాలి శౌరమ్మ.

జక్కయ్య క్రీస్తు గుళ్లో పిల్లలకు జపాలు నేర్పే ఉపదేశి. ఆ ఇంట్లో రక్షణ అంటే పాపాల నుంచి రక్షణే. కెమెరా తిరుగుతుండగానే పిల్ల పత్రం తండ్రి చేతిలో పెట్టేసి, నడుం మీద చేతులేసుకుని, "రక్షణ కొంటే వచ్చేది కాదండీ! ప్రభువు ఊరికే ఇచ్చాడు!" అంది. సినిమావాళ్లు తలలు పట్టుకున్నారు.

మరుసటేడే జక్కయ్య విషజ్వరంతో పోయాడు. ఫోటో ఒక్కటీ లేదు. ఆయన మీసం శౌరమ్మకు గుర్తుంది, కళ్లు గుర్తులేవు.

ఇన్నాళ్లకు బెజవాడలో మనవరాలు శాలిని ఆ సినిమాను నెట్‌లో పట్టుకుని టీవీలో పెట్టింది.

"రావే హీరోయినూ!" అని కేకేశాడు నతానియేలు.

శౌరమ్మ వంటింట్లోంచి కదలదు. కూరలో ఉప్పేశానో లేదో అంటుంది. చివరికి అసలు మాట బయటపెట్టింది.

"అందులో నాన్న లేకపోతేనో? లేడని తెలిసిపోతే ఇంకెక్కడ వెతుక్కోనండీ?"

నతానియేలు ఎగతాళి మానేసి వంటింట్లోకెళ్లాడు. ఆమె చెయ్యి పట్టుకొచ్చి సోఫాలో కూర్చోబెట్టాడు.

తెర మీద గీతలు, వరిచేలు, కవాతు చేసే సైనికులు. శౌరమ్మ లేదు, ఆమె మాటా లేదు. శాలిని ముఖం చిన్నబోయింది. అంతలో తలపాగా చుట్టుకున్న రైతు వచ్చాడు. పత్రం చేత్తో పట్టుకుని, పక్కకెటో చూస్తూ, కళ్లలో నీళ్లు తిరిగేలా పడీపడీ నవ్వుతున్నాడు. వెనక నుంచి గంభీరమైన గొంతు పలికింది: "రక్షణ పత్రం అందుకున్న ఈ రైతు సోదరుడి దేశభక్తి చూడండి!"

"మావయ్యేనా?" అన్నాడు నతానియేలు మెల్లగా. "అచ్చం నీ నవ్వే, శౌరీ."

శౌరమ్మ లేచి టీవీ దగ్గరికెళ్లింది. తండ్రి చూస్తున్న వైపు, తెర అయిపోయేచోట వేలు పెట్టింది.

"దేశభక్తీ కాదు, పాడూ కాదు. నేనిక్కడున్నానండీ," అంది ఏడుస్తూ. "నన్ను చూసి నవ్వుతున్నాడు."