పాముచెవుల సరంగు

జనాన్ని ఈ ఒడ్డు నుంచి ఆ ఒడ్డుకు దాటించే లాంచీలన్నిటినీ యుద్ధం మొదలైన పదో రోజున నేవీవాళ్లు పట్టుకుపోయారు. వాటితోపాటు నడిపే సరంగుల్నీ పట్టుకుపోయారు. ఎరుపనీ పసుపనీ చూడకుండా అన్నిటికీ బూడిదరంగు పులిమి, పేర్లు చెరిపి అంకెలు వేశారు. టిక్కెట్ల బల్ల ఉన్నచోట మరతుపాకి బిగించారు. పదిమందిని ఎక్కించుకుని తిరిగిన లాంచీలు, ఇక మనుషుల్ని చంపడానికి గస్తీ తిరగాలట.

వాటిలో ఒకదాని సరంగుకు రేవులో పాముచెవులవాడని పేరు. పొగమంచులో తన చెయ్యి తనకు కనపడనప్పుడు కూడా, ఇంజను చప్పుడు విని అది ఎవరి లాంచీయో చెప్పేసేవాడు. ఒకటి దగ్గుతుంది, ఒకటి గురకపెడుతుంది. బావమరిది లాంచీ అయితే ముసలమ్మలా ఆగి ఆగి సణుగుతుంది. ఈ సంగతి ఆ లాంచీ మీదికొచ్చిన నేవీ ఆఫీసరు చెవిన పడింది. వైర్‌లెస్సులు చాలక సగం లాంచీలకు పెట్టనేలేదు. దాంతో మంచు పట్టిన రోజున తుపాకి పేల్చాలా వద్దా అన్నది సరంగు మాట మీదే నడిచేది. దక్కక దక్కక దక్కిన గౌరవం, పాడు గౌరవం.

బావమరిది కూడా అదే గస్తీలో ఉన్నాడు. తల్లి పోయాక వాణ్ణి చంకనేసుకుని పెంచింది సరంగు భార్యే. వాణ్ణి కాస్త కనిపెట్టుకుని ఉండమని ఆమె రోజూ కంచం ముందు పెడుతూ బతిమాలేది. కనిపెట్టడం దేనికి, చప్పుడు వింటే చాలదా అని సరంగు నవ్వేసేవాడు.

ఆ పొద్దున ఎనిమిదైనా మంచు విడలేదు. ఎడమపక్క నుంచి ఇంజను చప్పుడు వచ్చింది, మెత్తగా, ఎక్కడా తడబడకుండా. ఎవరని కేకేస్తే, ఆ దూరానికి కేక అందలేదో ఏమో, జవాబు లేదు. ఆఫీసరు సరంగు వైపు చూశాడు. సరంగు కళ్లు మూసుకుని, రేవులోని ఇంజన్లన్నిటినీ ఒక్కొక్కటే తలుచుకున్నాడు.

"మనది కాదు," అన్నాడు.

తుపాకి అర నిమిషం మోగింది. దగ్గరికెళ్లి చూస్తే బావమరిది చుక్కాని మీద వాలిపోయి ఉన్నాడు. గోల ఎక్కువైందని ముందురోజే వర్క్‌షాపులో ఆ ఇంజను విప్పి బాగుచేసి, కొత్త సైలెన్సరు వేశారట. ఆ సంగతి సరంగుకు చెప్పాలని ఎవరికీ తోచలేదు. ఆఫీసరు అతణ్ణి ఒక్క మాటా అనలేదు. అంటే బాగుండేది.

భార్యకు తనే చెప్పాడు, ఏదీ దాచలేదు. ఆమె ఏడవలేదు.

"మీకు వినపడలేదా?" అంది. ఆ తర్వాత మాట్లాడటం మానేసింది.

ఆ తర్వాత మూడు రోజులూ సరంగు వర్క్‌షాపు చుట్టూనే తిరిగాడు. మార్చిన ప్రతి ఇంజనునీ పక్కన నిలబడి విన్నాడు. ఇక పొరబడటమన్నది ఉండదు.

నాలుగో రోజు మళ్లీ మంచు. సముద్రం వైపు నుంచి ఏదో వస్తోంది, రెండు ఇంజన్లు కలిసి కొట్టుకుంటున్న బరువైన చప్పుడు. అలాంటిది రేవులో లేదు. అతనికి రవ్వంత అనుమానం కూడా లేదు.

ఆఫీసరు అడిగాడు. మనది కాదని చెప్పడానికి సరంగు నోరు తెరిచాడు. ఆ మాట మాత్రం రాలేదు.

"మనదే," అన్నాడు.

తుపాకి దగ్గరున్నవాడు వేలు తీసేసి, చలికి చేతులు రుద్దుకున్నాడు. చప్పుడు దగ్గరకు వస్తూనే ఉంది.