థోర్న్‌బీల సర్ బిరుదు

మా నాన్న సర్ జర్వేస్ పోయిన నెలకు, ఆయన బిరుదును ఒకరి నెత్తిన పెడదామని గ్రిమ్స్‌బీ వెళ్ళాను. అది వంశంలో మగవాళ్ళకే దక్కుతుంది, నాకు రాదు. తమ్ముడు హ్యూబర్ట్ ఫ్రాన్సులో యుద్ధంలో పోయాడు. వెతగ్గా వెతగ్గా, ఎప్పుడో విడిపోయిన శాఖలో విల్‌ఫ్రెడ్ అనేవాడు ఒక్కడు తేలాడు. చేపల రేవు పక్కన సైకిళ్ళు బాగుచేస్తాడు. అతను కూడా వద్దంటే మా బిరుదు మూలపడినట్టే.

అతను చేతులు తుడుచుకుని టీ, రొట్టె పెట్టాడు. నేను వంశచరిత్ర ఎత్తుకున్నాను. మొదటి సర్ రాల్ఫ్ గొర్రెల బొచ్చు అమ్మిన డబ్బుతో రాజుగారి దగ్గర బిరుదు కొన్నాడన్న సంగతి మాత్రం మింగేశాను. రెండో ఆయన పేకాటలో సగం పొలం పోగొట్టాడనీ, నాలుగో ఆయన తాగి గుర్రం మీంచి పడ్డాడనీ చెప్పక తప్పలేదు. విల్‌ఫ్రెడ్ నవ్వి, పేరు గొప్ప ఊరు దిబ్బ అన్నాడు. నాకు ఒళ్ళు మండింది. ఇల్లు ఎలాగూ పన్నుల కింద పోయింది, మోయాల్సిన బరువేమీ లేదు, ఊరికే ఒప్పుకుంటే చాలని బతిమాలాను. థోర్న్‌బీగా పుట్టి ఒకరిని బతిమాలడం నాకదే మొదలు.

"వద్దండీ. సర్ విల్‌ఫ్రెడ్ అంటే రేవులో వాళ్ళు నన్ను బతకనివ్వరు. విల్ఫ్ అంటారు, నాకది చాలు. ఇంతకీ మిమ్మల్ని ఏమని పిలవను?"

"మిస్ థోర్న్‌బీ."

"అది నా ఇంటిపేరు కూడానండీ. మీ పేరేంటి?"

మాలో పెద్దకూతురికి బయట ఇంటిపేరే పేరు. సొంత పేరుతో పిలవడం ఇంట్లోవాళ్ళకే చెల్లు. అలా పిలిచేవాళ్ళు నాకు నాన్న, తమ్ముడు ఇద్దరే, ఇద్దరూ పోయారు. నెల రోజులుగా నా పేరు నా చెవిన పడలేదు. ఆ సంగతి అతను అడిగేదాకా నాకే తట్టలేదు.

"హనోరియా," అన్నాను.

"హనోరియా, చల్లారిపోతోంది, తాగండి," అన్నాడు రొట్టె నములుతూ.

బిరుదు గురించి ఇంకోసారి గట్టిగా అడగాలనే అనుకున్నాను. అడగలేదు. చీకటి పడేదాకా అక్కడే కూర్చున్నాను, మళ్ళీ పేరుతో పిలుస్తాడేమోనని.