వీపు మీది ఇంగ్లీషు

పొద్దున్నే లేచి అనసూయమ్మ కూతురికి టిఫిన్ బాక్సు కట్టేది. ఆ వెంటనే వీపుకు గుడ్డ కట్టేది. పాత నూలుచీర చింపి, పసుపు అద్ది, కావ్య వీపు చుట్టూ బిగించి, మరక కనిపించని ముదురురంగు చుడీదారు వేయించేది. కొండాపూర్‌లో కిరాయికి దిగిన నెలలోనే వీధంతటికీ సంగతి తెలిసిపోయింది. ఇస్త్రీ రాజమ్మ మూట విప్పుతూనే, “ఏందమ్మా, పాప నిన్న ఇంగిలీషు జర ఎక్కువే మాట్లాడినట్టుంది” అనేది.

సంగతేమంటే, ఆ ఇంటివాళ్లు ఇంగ్లీషు మాట్లాడితే వీపు చిట్లుతుంది. కావ్య ముత్తాత వెంకటనారాయణ కడప జిల్లాలో రైతు. గుర్రం మీదొచ్చిన తెల్లదొర ఇంగ్లీషులో ఏదో గద్దించి అడిగితే ఆయన తలెత్తి తెలుగులో జవాబిచ్చాడు. దొరకు ఒళ్లు మండింది. చావిడి స్తంభానికి కట్టేసి, తనే కొరడా పట్టుకుని, కండ ఊడొచ్చేదాకా కొట్టాడు. దెబ్బ దెబ్బకూ ఇంగ్లీషులో తిట్టాడు, పాపిష్టివాడు! అప్పట్నుంచి ఆ భాష నోట్లోకి వస్తే చాలు, గాయం తెరుచుకునేది. పోనీ ఆయనతో పోయిందా అంటే అదీ లేదు. కొడుక్కొచ్చింది, మనవడికొచ్చింది, ఇప్పుడు కావ్యకొచ్చింది. కొన్ని ఇళ్లలో బట్టతల రాదూ, అట్లాగే.

కావ్య తండ్రి లక్ష్మీనారాయణకు మాత్రం అదే ఆస్తి. ప్లాట్లు అమ్మిపెట్టే మనిషైనా ప్లాటు అనడు, జాగా అంటాడు. ఏటా ఆగస్టు పదిహేనున కాలనీవాళ్లు ఆయన్ని జెండా దగ్గరికి పిలుస్తారు. చొక్కా విప్పి, పుట్టుకతోనే వచ్చిన కొరడా గీతలు కనిపించేలా వెనక్కి తిరుగుతాడు. అందరూ చప్పట్లు కొడతారు, ఆ వీపు మీద శాలువా కప్పుతారు. “మా వీపే మా దేశం” అని మైకులో చెప్పి దిగుతాడు. బతుకులో ఆయనకు దక్కిన మర్యాద అదొక్కటే, పాపం.

తొంభై తొమ్మిదో సంవత్సరం అది. మాదాపూర్‌లో బండలు పేల్చి అద్దాల మేడలు లేపుతున్నారు. అట్లాంటి ఒక మేడలో కావ్యకు ఉద్యోగం దొరికింది. లండన్‌లో ఎవరింట్లోనో కరెంటు పోతే ఆ ఫోను ఇక్కడ మోగుతుంది. “హలో, దిసీజ్ కేథరిన్” అనాలి. కావ్య అంటే అక్కడివాళ్లకు వినే ఓపిక ఉండదట! తండ్రి వద్దన్నాడు. “నెత్తురు ధారపోసి వాళ్లకే ఊడిగం చేస్తావా మే?” అన్నాడు. కావ్య వినలేదు. ఈ ఇంట్లో ఇంగ్లీషుకు భయపడని మొదటి మనిషిని నేనే కావాలని పంతం పట్టింది.

ఆఫీసులో మాట నేర్పే చలపతిరావు చేతిలో ఎప్పుడూ చెక్క స్కేలు ఉండేది. గోదావరి జిల్లా మనిషి, కొట్టేటప్పుడు కూడా మర్యాద తప్పేవాడు కాదు. “అలా కాదండీ కేథరిన్ గారూ, నాలుక మడవండి” అంటూ వేళ్ల కణుపుల మీద ఫట్టున కొట్టేవాడు. పక్కసీటు అశ్విని మధ్యాహ్నం బాత్రూంలో కావ్య కట్టు మార్చేది. “ఏందే గిట్ల? గొడ్డును కొట్టినట్టు కొడ్తుండు” అని పళ్లు నూరేది.

ఆగస్టు పద్నాలుగున పరీక్ష. నిజమైన ఫోను తీసి గట్టెక్కితే ఉద్యోగం నిలుస్తుంది, లేదా ఇంటికే. అద్దం వెనక మేనేజరు వింటున్నాడు. అవతల ముసలాయన ఎత్తడమే తిట్లతో ఎత్తాడు. “ఇంగ్లీషు వచ్చిన మనిషెవరైనా ఉంటే పిలువు, కోతిపిల్లా!” అని అరిచాడు. కావ్య సారీ అంది. వీపు చిట్లింది. మళ్లీ సారీ అంది. నెత్తురు నడుం దాకా జారింది. “ఇంకా మెత్తగా చెప్పండీ!” అని చలపతిరావు గుసగుసగా కసిరి, సరిగ్గా ఆ గాయం మీదే స్కేలుతో కొట్టాడు.

కావ్య లేచి, ఆ స్కేలు గుంజుకుని, బల్లకేసి కొట్టి విరగ్గొట్టింది. విరిగిన ముక్క ఎగిరి చలపతిరావు చెంప చీరింది. ఫోనులోకి వంగి, ఇంగ్లీషులోనే, కానీ మాట మాటకూ కడప యాసతో చెప్పింది.

“నా పేరు కేథరిన్ కాదు, కావ్య. నేను మాట్లాడేది ఇంగ్లీషే. మీ కరెంటు ఎందుకు పోయిందో చెప్తాను, నోరు మూసుకుని వినండి.”

ముసలాయన విన్నాడు. లైటు వెలిగించుకుని థాంక్యూ కూడా చెప్పాడు. మేనేజరు వచ్చి, “సోమవారం నుంచి ఆ పేరుతోనే మాట్లాడు” అన్నాడు. అశ్విని కట్టు విప్పి చూసి గావుకేక పెట్టింది. “అరే, గీతలేవే? మొత్తం పోయినయ్!”

సాయంత్రం అనసూయమ్మ ఆ వీపు తడిమి తడిమి ఏడ్చింది, ఆనందంతో. లక్ష్మీనారాయణ చొక్కా విప్పి అద్దానికి వీపు తిప్పాడు. ఆయనదీ నున్నగా ఉంది.

“రేపు జెండా దగ్గర ఏం చూపించాలి మే నేను?” అన్నాడు.

“మానిపోయింది నాయనా. సంతోషపడు.”

“సంతోషమా? మా తాత నెత్తురును ఫోన్లో అమ్ముకొచ్చి సంతోషపడమంటాండవా?”

నడుముకున్న బెల్టు ఊడదీశాడు. “తెలుగుదానివి కావే నువ్వు!” అని ఒకటి, “ఈ దేశందానివే కావు!” అని ఒకటి. బూతులు కూడా తిట్టాడు. అన్నీ తెలుగే. బకిల్ తగిలిన చోటల్లా తోలు లేచింది. అడ్డం పడిన అనసూయమ్మ చెయ్యి పగిలింది. చేతిలోంచి బెల్టు జారిపోయేదాకా కొట్టి, రొప్పుతూ కూతురి వీపు వంక చూశాడు. గీతలు వచ్చాయి. చెప్పడానికే సిగ్గేస్తుంది గానీ, ఆయన మొహంలో అప్పుడు నిమ్మళం కనిపించింది.

తెల్లారింది. మైదానంలో మైకు మోగుతోంది. ఖద్దరు చొక్కా తొడుక్కున్న లక్ష్మీనారాయణకు గడప దాటబుద్ధి కాలేదు. కాఫీ గ్లాసు పట్టుకుని కూతురి మంచం దగ్గరికొచ్చాడు.

“తప్పయిపోయింది పాపా. లేచి తాగు.”

కావ్య బోర్లా పడుకునే తల తిప్పి “నాయనా” అంది. అంతే, వీపు చర్రున చిట్లి దుప్పటి తడిసింది. “అమ్మా” అంది. మరో గీత తెరుచుకుంది. అనసూయమ్మ ఉరికొచ్చి కూతురి నోరు చేత్తో మూసింది. ఈసారి గాయం తెలుగుకు తెరుచుకుంటోందని ఆ ఇంట్లో కాపురం చేసినదానికి ఇంకెవరూ చెప్పక్కర్లేదు.

కాసేపటికి కావ్య ఆ చెయ్యి తీసేసి మాట్లాడింది. గబగబా, వెక్కుతూ, చాలాసేపు మాట్లాడింది. అంతా ఇంగ్లీషే. ఒక్క బొట్టు నెత్తురు కారలేదు. లక్ష్మీనారాయణ గ్లాసు పట్టుకుని నిలబడిపోయాడు. జన్మలో ఆ భాష జోలికి పోని మనిషికి ఏం అర్థమవుతుంది?

“ఏమంటాంది?” అని భార్యనడిగాడు.

“నాకేం తెలుసు?” అంది అనసూయమ్మ. “నీ బిడ్డ ఇంగ్లీషులో ఏడుస్తాంది. పోయి నేర్చుకునిరా.”