యవనుడి జుట్టు

మా ఆవిడ తామెరెత్ పోయిన ఏడాది నైలుకి వచ్చింది మామూలు వరద కాదు. మెంఫిస్‌లో మా ఇంటి గుమ్మం దాకా వచ్చి, లోపలికి రావచ్చా అని చేపలు అడిగాయి. ఇంట్లో రోగి ఉంది, ఇప్పుడు కాదని నేనే పంపించేశాను. నమ్మకపోతే మానండి. ఆవిడ బతికుండగా ఈ మాట అని ఉంటే మంచం మీంచే, "ఏ భాషలో అడిగాయో?" అనేది. నేను చూసిన మొసలి నిన్నటికీ ఇవాళ్టికీ రెండింతలు ఎలా పెరిగిందని నిలదీసే మనిషి ఈ ఊరు మొత్తానికి ఆవిడొక్కతే. మిగతావాళ్ళు నవ్వి ఊరుకుంటారు. నవ్వి ఊరుకునేవాళ్ళతో ఎంతసేపని మాట్లాడతాం?

నేను పుట్టింది సముద్రం అవతల, గ్రీకుల ఊరు మిలేతస్‌లో. కుర్రతనంలో నూనె జాడీలు మోసే కూలీగా పడవెక్కి వచ్చి, ఇక్కడి పిల్లని చేసుకుని, ఇక్కడే ముసలాణ్ణయ్యాను. పేరు మాండ్రోన్. ఆ పేరుతో పిలిచినవాళ్ళు వీధిలో ఎవరూ లేరు. అందరికీ యవనుణ్ణే.

తామెరెత్ తమ్ముడు హోరుజా కూడా వెక్కిరించడానికి ఆ మాటే వాడేవాడు గానీ మామూలుగా బావా అనే పిలుపు. మనిషి మంచివాడు. మా యవనుల కత్తి ఆవుని కోసిన కత్తని నా చేత్తో కోసిన ముక్క ఏనాడూ నోట పెట్టలేదు, అదొక్కటే. వాడొచ్చిన రోజున అక్క వేరే కుండ పొయ్యి మీద పెట్టేది. తిన్నాక నా వీపు చరిచి, "నీ గిన్నెలో ఈగ పడితే చాలు, పొద్దుగూకే సరికి దాన్ని ఏనుగు చేసి అమ్ముతావు బావా" అనేవాడు. పిల్లల్లేని ఇంట్లో ఆ మాత్రం అల్లరి వాడిదే.

ఆవిడ పొద్దున్నే పోయింది. జ్వరం తగ్గిందనుకుని నేను ఉల్లిపాయలు తరుగుతున్నాను. "నీళ్ళు" అంది. తెచ్చేసరికి అడిగిన మనిషి లేదు.

వీధి ఆడవాళ్ళు వరద బురద ముఖాలకి పూసుకుని గుండెలు బాదుకుంటూ వచ్చేశారు. ఆ ఏడుపుల మధ్య నేనేం చేస్తున్నానో నాకే తెలియలేదు. తెలిసేసరికి జుట్టంతా కోసేసి, గడ్డం కూడా సగం కోసేసి, ఆ కుచ్చులు తెచ్చి ఆవిడ గుండెల మీద పెట్టి ఉన్నాను. మా అమ్మ పోయిన రోజున మా నాన్న ఇలాగే పెట్టాడు. వాళ్ళ నాన్నా అంతే చేసి ఉంటాడు.

ఇక్కడ దీనికి తలకిందులు. వీళ్ళు మంచి రోజుల్లో తలా గడ్డం నున్నగా గీయించుకుని తిరుగుతారు. ఇంట్లో మనిషి పోతే కత్తి జోలికి పోరు, జుట్టు అడవిలా పెంచుతారు. చావింట్లో నున్నటి తల కనిపిస్తే పోయినవాళ్ళ పీడ వదిలిందని సంబరపడుతున్నట్టే లెక్క. ఇదంతా నాకు తెలీదా? ఈ వీధిలో ఎన్ని చావులకి వెళ్ళలేదు! తెలిసింది బుర్రకి. కత్తి పట్టింది చెయ్యి. బుర్ర ఎప్పుడో ఇక్కడిదైపోయింది, చెయ్యి ఇంకా పడవ దిగలేదు.

శవం చెడకుండా రోజుల తరబడి ఉప్పులో ఉంచేవాళ్ళు ఆవిణ్ణి తీసుకుపోవడానికి వచ్చారు. వాళ్ళకి వెంట్రుక అంటే మైల. "ఎవడు పోశాడీ చెత్త?" అని ఒకడు నా జుట్టుని ఆవిడ మీంచి నేల మీదికి తోసేశాడు. సరిగ్గా అప్పుడే హోరుజా బురద ముఖంతో లోపలికొచ్చాడు. నేలని చూశాడు, నా తలని చూశాడు.

"ఎప్పుడు గీయించుకున్నావు?"

"ఇప్పుడే. నేనే..."

"మా అక్క ఒళ్ళు చల్లబడేదాకైనా ఆగలేకపోయావా? ఎవత్తెనన్నా చూసి పెట్టుకున్నావా?"

"మా వైపు అలాగేరా. పోయినవాళ్ళకి జుట్టు ఇస్తాం."

"మీ వైపు!" అన్నాడు. "దాని చేతి తిండి తిని, దాని మంచం మీద ముసలాడివై, ఇవాళ నీకు మీ వైపు గుర్తొచ్చిందా యవనుడా?"

ఆడవాళ్ళు ఏడుపు ఆపి మరీ విన్నారు.

వాడు గుమ్మంలోంచి వెనక్కి తిరిగి, "అక్క ఉప్పులోంచి పెట్టెలోకి వచ్చేనాటికి నీ తల మీద దుఃఖం కనిపించాలి. కనిపించకపోతే గోరీల గుట్ట మీదికి దాని వెనక నిన్ను నడవనివ్వను. గొయ్యి మా నాన్నది" అన్నాడు.

వాడు అన్నాడంటే అన్నట్టే. ఇక నాకు మిగిలిన పనల్లా జుట్టు పెంచడం. ముసలాడికి అంతకంటే కష్టమైన పని చెప్పండి చూద్దాం. గడ్డిని రమ్మంటే వస్తుంది, వరదని రమ్మంటే వస్తుంది. జుట్టుకి నా మీద ఏం కోపమో!

వీధిలో నన్ను చూసి తలలు తిప్పుకుంటున్నారని ఒకరోజు యవనుల పేటకి వెళ్ళాను. అక్కడ ద్రాక్షసారా అమ్మే ఫనియాస్ నా తల నిమిరి, "ఇన్నాళ్ళకి మనవాడివనిపించావు మాండ్రోన్" అని గిన్నె నింపాడు. నా పేరు ఇంకొకరి నోట విని ఎన్నాళ్ళైందో. కళ్ళు చెమర్చాయి.

"పాతిపెట్టడం ఎప్పుడైంది?" అన్నాడు.

"ఇంకా కాలేదు. ఉప్పులో ఉంది."

"ఉప్పులోనా? చేపలాగానా?"

బల్ల చుట్టూ ఉన్నవాళ్ళు పగలబడి నవ్వారు. ఇంకొకరి పెళ్ళామైతే నేనూ నవ్వేవాణ్ణి, అంతకంటే పెద్ద మాటే అనేవాణ్ణి. గిన్నె అక్కడే పెట్టేసి వచ్చేశాను. వెనకాల ఫనియాస్, "ఏయ్, సరదాకన్నాను!" అని అరుస్తూనే ఉన్నాడు.

ఇంటికొస్తే నా అడుగుల చప్పుడు నాకే వినిపించింది. రొట్టె విరిచి, "ఇవాళ పేటలో ఒక తమాషా జరిగింది" అని మొదలుపెట్టి సగంలో ఆపేశాను.

మంగలి పామి ఒక్కడే రోజూ వచ్చి నా తలకి ఆముదం పట్టించేవాడు. కత్తి పట్టేవాడు జుట్టు పెంచడమేమిటని వాడి పెళ్ళాం దెప్పుతోందట.

"ఏం కనిపిస్తోందిరా?" అనేవాణ్ణి.

"ఇసకలో గోధుమలు చల్లినట్టుంది మామా. మొలక లేదు, పిట్టలు మాత్రం చూస్తున్నాయి."

పెట్టె వచ్చే రోజు దగ్గరపడ్డాక వాడు చంకలో మూట పెట్టుకుని వచ్చాడు. విప్పితే సవరం. తలంతా కప్పి భుజాల దాకా వేలాడే నల్లటి జుట్టు, దొరల ఇళ్ళకి చేసే రకం.

"దీన్ని కాస్త చింపిరి చేసి, దుమ్ము పోసి పెట్టుకో. పైన బురద పూస్తాను. మీ బావమరిదికి కాదు కదా, నీ కన్నతల్లికి కూడా అనుమానం రాదు."

పెట్టి చూశాను. నీళ్ళ కుండలో ఎవరో దుఃఖపడుతున్న పెద్దమనిషి కనిపించాడు. ఆ మనిషిని పెట్టె వెనక నడిపిస్తే నాకు అన్నీ దక్కుతాయి. తీసేశాను.

"ఏం మామా? ఏనుగులు పుట్టించేవాడివి, ఇదొక లెక్కా?"

"పామీ, నేనాడిన అబద్ధాలన్నీ ఆవిడ ఎదురుగా ఆడినవే. పట్టుకునేది. పట్టుకునే మనిషి లేనప్పుడు ఆడితే అది ఉత్త మోసంరా" అన్నాను. వాడికి అర్థం కాలేదు. మూట కట్టుకుని, "నీ ఖర్మ" అని వెళ్ళిపోయాడు.

పెట్టె వచ్చిన రోజున ఎద్దులు ఇసక మీద లాగే బల్లబండి మీద దాన్ని ఎక్కించారు. పెట్టె మీద రాసిన ముఖం ఆవిడది కాదు. పడుచుది, తగాదా ఆడనిది. హోరుజా జుట్టు పెరిగి, గడ్డం పెరిగి, మనిషి చిక్కిపోయి ఉన్నాడు. నా ముందుకొచ్చి తల మీదికి వంగి చూశాడు.

"ఇంతేనా?"

"ముసలి నేలరా. వరద కూడా ఎక్కదు."

ఏడవడానికి కూలికొచ్చిన ఆడవాళ్ళలో ఒకామె నవ్వు ఆపుకోలేక కొంగు నోట్లో కుక్కుకుంది. హోరుజా నవ్వలేదు. నన్ను తరిమేయనూ లేదు. ఎద్దుల వైపు తిరిగి, "వెనకాల రా. ఆడవాళ్ళ వెనకాల. బండి ముట్టుకోకు" అన్నాడు.

నడిచాను. అంత వెనక నుంచి దుమ్ము తప్ప ఏమీ కనిపించలేదు. పెట్టె గోతిలోకి దించేటప్పుడు తాళ్ళు కిర్రుమన్న చప్పుడు మాత్రం విన్నాను.

అంతా అయ్యాక గుట్ట మీదే పామి పీట వేశాడు. దుఃఖం తీరిందని ఇంటివాళ్ళంతా వరసగా గీయించుకుని, నున్నటి తలలతో కిందికి దిగి విందుకి కూర్చోవాలి. మొదట హోరుజా కూర్చున్నాడు. తర్వాత వాడి కొడుకులు. చివరికి పామి నన్ను కేకేశాడు. "రా మామా, నీదెంతసేపు, ఒక్క గీత!"

అందరూ నా వైపు చూశారు. కూర్చుంటే వాళ్ళలో ఒకణ్ణి. బాతు మాంసం, రొట్టె, బీరు, పక్కన మనుషులు.

"నాది ఉండనీరా. ఇప్పుడే మొలుస్తోంది" అన్నాను.

"గీయించుకోనివాడు పంక్తిలో కూర్చోకూడదు" అన్నాడు హోరుజా. "దుఃఖంలో ఉన్నట్టు."

"ఉన్నాను కదా."

వాడు నున్నటి తల మీద అరచెయ్యి ఒకసారి తుడుచుకున్నాడు. అందరితో పాటు దిగి వెళ్ళిపోయాడు.

గోరీల కాపలావాడు కర్ర పట్టుకుని నా మీదికి వచ్చాడు. "పో, పో! యవనులకి ఇక్కడ పనేంటి? మీ గోరీలు అటువైపు!"

సగం గుట్ట దిగిన హోరుజా అక్కణ్ణుంచే గట్టిగా అరిచాడు. "ఒరేయ్, ఆయన్ని ఉండనియ్యి! మా అక్క మొగుడు!"

కాపలావాడు కర్ర దించి, గొణుక్కుంటూ తన గుడిసె నీడకి పోయాడు. కింద విందు మొదలైంది. బాతు కొవ్వు కాలుతున్న వాసన గాలికి పైదాకా వచ్చింది, ఎవరో పాట అందుకున్నారు. గోతి మీద కప్పిన ఇసక ఇంకా తడిగా ఉంది. దాని పక్కన, ఆవిడ తల ఉన్న వైపు అనుకున్న చోట, కూర్చున్నాను.